మూడు కళలు

“మూలే,” అన్నారు శ్రీరామమూర్తిగారు కళ్ళజోడు నుదుటి మీదికి తోసుకుంటూ. “మూల నాలుగో పాదం. పూర్వాషాఢకి మూడంటే మూడు కళలు తక్కువ.”

ఎదురుగా ప్లాస్టిక్ కుర్చీలో కూర్చున్న నవత ముఖం ఏమీ మారలేదు. నారాయణగూడలో తను పుట్టిన టైము తల్లి కమల చేత చీటీ మీద రాయించుకుని ఒక్కతే వచ్చింది. ఆ నిబ్బరం చూసి ఆయనకే వింతగా తోచింది.

చిక్కడపల్లిలో ముప్ఫయ్యేళ్ళుగా జాతకాలు వేస్తున్న సిద్ధాంతి ఆయన. మూల అనగానే ఏడ్చినవాళ్ళని చూశారు, కాళ్ళు పట్టుకున్నవాళ్ళని చూశారు, బల్ల మీద కవరు పెట్టి బతిమాలినవాళ్ళనీ చూశారు. మూల నక్షత్రపు కోడలు వస్తే మామగారికి గండమని జనం నమ్మకం. ఆ నమ్మకంతో ఆయనెప్పుడూ పేచీ పెట్టుకోలేదు. లెక్క కట్టడం, వచ్చింది చెప్పడం, అంతవరకే తన పని అనుకున్నారు. కొడుకు అభిరామ్ పట్టుబట్టి కొనిచ్చిన కంప్యూటర్ మీద గుడ్డ కప్పేసి, ఇప్పటికీ పంచాంగం, కాగితం, పెన్సిలుతోనే కానిస్తారు. ఆ లెక్కలో తేడా ఉందని ఎవరైనా అంటే మాత్రం ఒళ్ళు మండుతుంది.

“నువ్వు అడగబోయేది నాకు తెలుసమ్మా,” అన్నారు. “కళ అంటే ఎంత? డిగ్రీలో అరవయ్యో వంతు. చంద్రుడు రెండు నిమిషాల్లో దాటేస్తాడు. ఆరు నిమిషాలు ఆలస్యంగా పుట్టావని రాసేస్తే పూర్వాషాఢ అయిపోతుంది, పెళ్ళీ అయిపోతుంది. అందరూ అడిగేదే. నేను జరపను.”

“జరపొద్దు సార్.”

ఆయన పెన్సిలు కింద పెట్టారు.

“నేను సర్వేయర్ని,” అంది నవత. “అశోక్ నగర్ల రెండేండ్లు కోచింగ్ తీస్కొని కొట్టిన నౌకరీ. మీ కళనే మేం మినిట్ అంటం. కిలోమీటర్ దూరంల ఒక్క కళ తప్పితే హద్దు జానెడు మీద నాలుగు వేళ్ళు పక్కకు పోతది. ఆ జానెడు కోసం అన్నదమ్ములు తలకాయలు పగలగొట్టుకుంటరు. జర అటు జరుపు అక్కా అని నన్ను గూడ అడుగుతరు. నేను జరప.”

శ్రీరామమూర్తిగారు కళ్ళజోడు కిందికి దించుకుని అమ్మాయిని మళ్ళీ చూశారు. పిల్ల ఆయనకి భలే నచ్చింది.

“మరెందుకొచ్చావమ్మా?”

“అబ్బాయి, నేను ఇష్టపడ్డం సార్. గోత్రాలు వేరే, మా ఇంట్ల ఒప్పుకున్నరు. వాళ్ళ నాన్నగారికే మూల అంటే పడదంట. ఆ భయానికి అబ్బాయి ఇంట్ల నోరే విప్పుతలేడు.”

“నాలుగో పాదానికి దోషం లేదంటారు కొందరు,” అన్నారాయన, తాను ఆ కొందరిలో లేకపోయినా.

“ఏ పాదమైనా మూల మూలే అంటరంట ఆయన.”

ఆయనకి చప్పున రాంనగర్ సుందరరావు గుర్తొచ్చాడు. మూల అని తెలియగానే కుదిరిన సంబంధాన్ని పోయిన నెలే తెంపుకుని పోయాడు. ఆ పిల్ల తల్లి ఇదే కుర్చీలో కూర్చుని ఏడ్చింది. ఆ పూట ఆయనకి అన్నం సయించలేదు.

“రాంనగర్ మనిషేనా? కొడుకు బ్యాంకులో చేస్తాడు?”

“పేరు చివర్ల చెప్త సార్. ముందు మీరొకటి చెప్పండి. మీరు కట్టిన ఈ లెక్కల మామగారి ఆయుష్షు ఎక్కడున్నది?”

ముప్ఫయ్యేళ్ళలో ఆ మాట అడిగినవాళ్ళు లేరు. ఆయన కాగితం వైపు చూశారు. డిగ్రీలున్నాయి, కళలున్నాయి, కళలో అరవయ్యో వంతు వికళలు కూడా ఉన్నాయి.

“లేదు,” అన్నారు చివరికి. “చంద్రుడెక్కడున్నాడో ఉంది. అంతే.”

“మరి ఇన్నేండ్లు నమ్మే చెప్పిన్రా?”

“నమ్మి చెప్పానో, అలవాటు కొద్దీ చెప్పానో ఎప్పుడూ ఆలోచించుకోలేదమ్మా.” ఆ మాట అన్నాక ఆయనకి సిగ్గేసింది. తన బల్ల దగ్గర ఎందరు ఆడపిల్లల పెళ్ళిళ్ళు చెడిపోయాయో లెక్క పెట్టబోయి మానేశారు.

“అదే రాసియ్యండి సార్. మూల అనే రాయండి. దోషం లేదని గూడ రాయండి. కళ గూడ జరపని మనిషి రాస్తే ఆయన కాదనలేరు.”

“రాయకపోతే?”

“అబ్బాయి తండ్రి మాట దాటడు. దాటమని నేను అడగ. మా అమ్మ వచ్చే వారం కరీంనగర్ సంబంధం ఖాయం చేస్తది.” నవత గొంతు అప్పుడే మొదటిసారి తడబడింది.

శ్రీరామమూర్తిగారు బల్ల సొరుగు లాగారు. తన పేరు అచ్చువేసిన కాగితం తీసి, పైన కాస్త జాగా వదిలి, పెన్నుతో రాశారు. “కుమారి నవత జన్మనక్షత్రం మూల, నాలుగవ పాదం. దీని వలన మామగారికి ఏ కీడూ లేదు. ఈ వంకతో సంబంధం కాదనడం శుద్ధ మూర్ఖత్వం. సందేహముంటే నాతో వచ్చి వాదించుకోవచ్చును.” కింద సంతకం పెట్టి ముద్ర వేశారు. ఎన్నాళ్ళనుంచో మోస్తున్న బరువేదో దిగినట్టనిపించింది.

నవత చదువుకుంది. “మూర్ఖత్వం అనే మాట జర ఎక్కువైతదేమో సార్?”

“ఉండనీ! అలాంటివాడికి అలాగే చెప్పాలి. ఎంత మొండిఘటమైనా ఇది చూశాక నోరెత్తలేడు.”

“మళ్ళీ మీరు మాట మార్చరు గదా?”

“సంతకం చేశాక శ్రీరామమూర్తి మాటకి తిరుగులేదమ్మా.”

పైన వదిలిన జాగాలో ‘శ్రీయుతులు’ అని రాసి పెన్ను ఆపారు. “ఇప్పుడైనా చెప్పు. తండ్రి పేరు ఏమని రాయను?”

నవత లేచి, చున్నీ సర్దుకుని, వంగి ఆయన పాదాలకి దండం పెట్టింది.

“మీ పేరే రాయండి మామయ్యగారూ.”