ఇద్దరి జట్టు

పడవలోంచి ఓడ తాళ్ల నిచ్చెన మీదికి కాలు పెట్టబోయి అసెనాటి జారింది.

నియుటావో దీవిలో ఈత రానివాళ్లెవరూ లేరు. కానీ పడవకూ ఓడకూ మధ్య పడ్డవాళ్లకు ఈత పనికిరాదు.

నీళ్లలోంచి తల ఎత్తేసరికి ఒకవైపు ఓడ ఇనుప గోడ. రెండోవైపు, అల మీద లేచి తనమీదికే వస్తున్న పడవ.

అరుద్దామంటే నోట్లో ఉప్పునీళ్లు.

ఓడ మీదినుంచి ఎవరో దూకారు. చిరిగిన చొక్కా, మాసిన గడ్డం. వస్తూనే ఆమె మోకాలు ఒడిసి పట్టుకుని పైకి తోశాడు.

"వదులు. నా కాలు విరగ్గొడతావా?" అంది భయంతో.

"ముందు ఎక్కు. తిట్లు తర్వాత."

"పదిహేను రోజుల్లో నేను ఒలింపిక్స్‌లో పరుగెత్తాలి. పరుగంటే నీకేం తెలుసు?"

అతను ఇంకోసారి బలంగా తోశాడు. పైనున్నవాళ్లు ఆమె రెండు చేతులూ అందుకుని లాగేశారు. కింద ధడేలుమని పడవ ఓడకు కొట్టుకున్న చప్పుడు వినబడింది.

డెక్ మీద బోర్లా పడి చాలాసేపు ఉప్పునీళ్లు కక్కింది. లేచి చూసేసరికి పడవ తిరిగి ఒడ్డుకు పోతోంది. గడ్డపువాడు అందులో వెల్లకిలా పడుకుని ఉన్నాడు.

అలలు పెరుగుతున్నాయని కెప్టెన్ లంగరు ఎత్తించాడు.

మర్నాటికి మోకాలు వాచింది. పక్క చాప మీది ముసలావిడ కొబ్బరినూనె రాస్తూ కూర్చుంది.

"ఎవరవ్వా అతను?"

ముసలావిడ చెయ్యి ఒక్క క్షణం ఆగింది. "ఎవడో ఓడ మనిషిలే."

"మొరటు మనిషి. ఇది తగ్గకపోతే నా గతేంటి?"

"తగ్గుతుందిలే తల్లీ, పడుకో."

ఆ ఒలింపిక్స్‌కు వాళ్ల చిన్న దీవుల దేశం నుంచి వెళ్లేది ఇద్దరే. ఆడవాళ్లలో అసెనాటి, మగవాళ్లలో నానుమేయా దీవి కుర్రాడు ఫాలానీ. అతన్ని ఆమె ఎప్పుడూ చూడలేదు. ఇదే ఓడలో వస్తాడని మాత్రం ఉత్తరం వచ్చింది. ఓడంతా వెతికింది.

"ఎక్కలేదమ్మా," అన్నాడు వంటవాడు, కుండలోంచి తల ఎత్తకుండా.

రాజధాని ఫునాఫుటి రేవులో కోచ్ లోటో ఒక్కడే నిలబడి ఉన్నాడు.

"మామా, ఫాలానీ రాలేదేం?"

"రాలేకపోయాడు."

"రాలేకపోవడమేంటి? భయపడి దాక్కుని ఉంటాడు."

లోటో ఆమె సంచీ భుజానికెత్తుకుని ముందుకు నడిచాడు.

మోకాలి వాపు తగ్గింది. పరుగుబాట లేక మిగిలిన రోజులు విమానాల రన్‌వే మీదే సాధన. లోటో రెండు చెక్కలు టపీమని కొట్టేవాడు. ఆ చప్పుడుకు ఆమె పరుగెత్తేది.

"అక్కడ చెక్కలుండవు తల్లీ, తుపాకీ ఉంటుంది. అది పేలకముందే కదిలావో, పరుగు లేదు, ఏమీ లేదు. నేరుగా ఇంటికే."

ఆ రాత్రి నుంచి అసెనాటి కలలో కూడా ముందే కదిలిపోయేది.

ఒలింపిక్స్ ప్రారంభం రోజున సొరంగంలాంటి దారిలో దేశాలన్నీ బారులు తీరాయి. ముందున్న దేశంవాళ్లు నాలుగు వందల మంది. వెనకున్నవాళ్లు మూడు వందలు. మధ్యలో జెండా పట్టుకుని అసెనాటి, ఆమె వెనక లోటో.

బయట జనం హోరు, పగడపు దిబ్బల మీద విరిగే అలల్లా ఉంది.

"ఎంతమంది ఉంటారు మామా?"

"ఎనభై వేలట."

"మన దేశమంతా కలిపినా పదకొండు వేలు లేం."

"అందుకే తల దించకు. మన జెండా వాళ్లలో చాలామంది చూడటం ఇదే మొదలు."

"భయమేస్తోంది మామా. ఆ పిరికివాడు వచ్చుంటే జెండా వాడు పట్టుకునేవాడు. సగం భయమైనా వాడు మోసేవాడు."

"అలా అనకు," అన్నాడు లోటో. జెండా కర్రను ఆమె చేతుల్లో సరిచేశాడు.

మూడోరోజు పరుగు. ఎనిమిది మంది వంగారు. స్టేడియమంతా ఒక్కసారిగా నిశ్శబ్దమైంది. అసెనాటికి తన గుండె చప్పుడే తుపాకీ మోతలా వినిపించింది. వేళ్లు నేలకు నొక్కి పెట్టుకుంది. కదలకు, కదలకు అనుకుంది.

పేలింది.

ఆ తర్వాత ఏమైందో ఆమెకు సరిగా గుర్తులేదు. ఎనిమిది మందిలో ఏడో స్థానం. కానీ తన దేశపు ఆడపిల్లలెవరూ అంతవరకు అంత వేగంగా పరుగెత్తలేదు.

లోటో ఆమెను మెట్ల మీద కూర్చోబెట్టి నీళ్లిచ్చాడు. ఆమె నవ్వుతూనే ఏడుస్తోంది.

"అయిపోయింది మామా. ఇక భయం లేదు."

లోటో నవ్వలేదు. "ఇక చెప్పొచ్చు. ఫాలానీ పాదం నుజ్జయింది తల్లీ. ఇంక పరుగెత్తలేడట."

అసెనాటి చేతిలో సీసా ఆగిపోయింది. "ఎప్పుడు?"

"మనం బయల్దేరకముందే. పరుగయ్యేదాకా నీ చెవిన వేయొద్దని ఆసుపత్రి నుంచి రేడియోలో కెప్టెన్‌ను బతిమాలుకున్నాడు. తెలిస్తే నీ కాళ్లు కదలవన్నాడు. పొద్దున తుమ్మితే సాయంత్రానికి దేశమంతా తెలిసే చోట, ఇన్నిరోజులు ఒక్కరూ నోరు విప్పలేదు."

"అతనికి దెబ్బ తగిలితే నా కాళ్లెందుకు కదలవు?"

లోటో వంగి ఆమె బూట్ల తాళ్లు విప్పసాగాడు.

"ఏ ఆసుపత్రి మామా? నానుమేయాలోనా?"

"కాదు. నియుటావోలో."

"మా దీవికి ఎందుకొచ్చాడు? అసలు ఓడే ఎక్కలేదన్నారుగా?"

"ఎక్కాడు తల్లీ. నీకోసం నీళ్లలోకి దూకేదాకా ఓడలోనే ఉన్నాడు."