రెండో వరసలో మూడో కుర్చీ

చదరంగం బల్ల మీద పన్నెండో ఎత్తు వేసి ఆమె గడియారం నొక్కింది. ఎదుటి ఆటగాడు బోర్డు చూడలేదు. తలెత్తి ఆమె భుజం మీదుగా వెనక్కి చూశాడు. కాసేపు అలాగే ఉండి, ఆ తర్వాత తన ఆట సంగతి ఆలోచించాడు.



వెనక తాడు కట్టి ఉంది. తాడుకు అవతల ప్రేక్షకుల కుర్చీలు. ఏ ఊళ్ళో ఏ హాలైనా రెండో వరసలో మూడో కుర్చీ అమ్మది. పదేళ్ళు అక్కడే కూర్చుంది. అమ్మ పోయి మూడు నెలలైంది.

ఆమె వెనక్కి తిరిగి చూసింది. కుర్చీ ఖాళీగా ఉంది.

అమ్మ మందుల దుకాణంలో పనిచేసేది. ఉన్న సెలవులన్నీ కూతురి టోర్నమెంట్లకే వాడేది. చదరంగం నేర్పింది తనే. కూతురి ఆట అరచేతిలో గీతల్లా తెలుసు తనకి. మిగతా తల్లులు బయట కబుర్లలో పడితే తను లోపల, ఆటలు చూపించే గోడ మీది తెర చూస్తూ కూర్చునేది. ఒకటే ఇబ్బంది, దగ్గు. ఇంట్లో ఉండదు, హాల్లోకి వస్తే పట్టుకుంటుంది. ఎక్స్‌రేలో ఏమీ లేదన్నారు. "ఏసీ పడదే నాకు" అని బుగ్గన బిళ్ళ పెట్టుకుని కూర్చునేది. ఆటను పర్యవేక్షించే ఆర్బిటర్లు రెండు మూడుసార్లు నెమ్మదిగా హెచ్చరించారు కూడా. ఆ సంగతి ఆమెకు ఆట అయ్యాక ఎవరో చెబితేనే తెలిసేది. బోర్డు ముందు కూర్చుంటే నెత్తిన పిడుగు పడ్డా ఆమెకు తెలియదు.

గ్రాండ్‌మాస్టర్ కావాలంటే, పెద్ద టోర్నమెంట్లలో బాగా ఆడితే ఇచ్చే నార్మ్‌లు మూడు సంపాదించాలి. పదేళ్ళలో ఆమెకు దక్కింది ఒక్కటి. మరో నాలుగుసార్లు ఆఖరి రౌండుదాకా వెళ్ళి ఓడింది. చేతికందింది నోటికందలేదు.

ఈ ఏడు అమ్మ లేదు. పిన్ని బలవంతం మీద మొదటి టోర్నమెంటుకు వెళ్ళింది. రెండో నార్మ్ వచ్చింది. తర్వాత రెండు ఊళ్ళలో ముందు వరసలో నిలిచింది. క్యాంటీన్‌లో ఎవరో అంటుంటే వింది: "తల్లి పోయాక దశ తిరిగింది." ఆ మాట ముల్లులా దిగింది. ఒక్కొక్క ఆట గెలిచినప్పుడల్లా కదిలేది.

పైగా ఈ చూపులు. ప్రతి ఊళ్ళోనూ ఉన్నాయి. ఆమె బల్ల కింద వేళ్ళు మడిచి లెక్కపెట్టింది. కొత్తగా వచ్చినవాళ్ళు చూడలేదు. అమ్మను ఎరిగినవాళ్ళే చూశారు. ఆమె ఎత్తు వేయగానే, అదే కుర్చీ వైపు.

ఈ ఏటి ఆఖరి టోర్నమెంటుకు బయల్దేరుతూ ఆ చూపుల సంగతి పిన్నికి చెప్పింది. పిన్ని పెట్టెకు తాళం వేస్తూ, తన అక్క ఎక్కడికీ పోలేదంది. వెనక నిలబడి ఆడిస్తోందట.

"అలాగైతే గెలుస్తున్నది నేనా, లేక అమ్మా?"

"ఎవరైతే ఏంటే? కాగితం మీద ఉండేది నీ పేరేగా."

 మూడో నార్మ్ వస్తే అది తనదని తనకు తెలియాలి. లేకపోతే ఆ కాగితం ఎందుకు?

ఎనిమిది రౌండ్లు గడిచాయి. తొమ్మిదో రౌండులో గెలిచి తీరాలి. ఎదుట, తాబేలు అని అందరూ పిలిచే పెద్దాయన. ఆయన ఆట మహా నెమ్మది. పేరు పెట్టినవాళ్ళు అంతకన్నా నెమ్మదైనది దొరక్క ఆ పేరుతో సరిపెట్టారు. ఆయన చేతిలో ఆమె ఏడుసార్లు ఓడింది. ఒక్కసారీ గెలవలేదు.

మొదటి గంటలోనే తాబేలు నాలుగుసార్లు వెనక్కి చూశాడు. ఆమె తల తిప్పలేదు.

ముప్పై ఒకటో ఎత్తులో బంటు జరిపి గడియారం నొక్కింది. చెయ్యి వెనక్కి తీసుకుంటుండగా కనబడింది, తను చేసిన తప్పు. ఎదుటి గుర్రం ఒక్క గెంతు గెంతితే తన కోట కూలిపోతుంది. ఆమె ముఖం కదలనివ్వలేదు. 

తాబేలు తలెత్తాడు. ఆమె భుజం మీదుగా చూశాడు. బోర్డు చూశాడు. మళ్ళీ వెనక్కి చూశాడు. ఈసారి చాలాసేపు. హాల్లో గడియారాలు నొక్కుతున్న చప్పుడు తప్ప మరేమీ లేదు. ఆయన భుజాలు సడలాయి. గుర్రాన్ని ముట్టుకోలేదు. రాజును ఒక గడి పక్కకు జరిపాడు.

వెంటనే ఆమె బంటును కాచుకుంది. మరో రెండు గంటలకు తాబేలు గడియారం ఆపి, ఓటమి ఒప్పుకుంటూ చెయ్యి చాచాడు.

మూడో నార్మ్ వచ్చింది. ఇద్దరూ ఆట కాగితాల మీద సంతకాలు పెట్టారు. ఆర్బిటర్ అవి తీసుకుని వెళ్ళాడు. ఆమె లేవలేదు.

"మాస్టారూ, పద్దెనిమిదిసార్లు వెనక్కి చూశారు. మా అమ్మ కనిపించిందా?"

తాబేలు కళ్ళజోడు తీశాడు. తుడుచుకున్నాడు. పెట్టుకోలేదు.

"కనిపించలేదు, అలవాటు కొద్దీ చూశాను. నాకిది ఆఖరి టోర్నమెంటమ్మా. చెప్పకుండా పోతే నిద్రపట్టదు."

"చెప్పండి."

"మీ అమ్మ దగ్గిందంటే నువ్వు తప్పు ఎత్తు వేశావని, పదేళ్ళుగా నీ ఒక్కదానికి తప్ప మా అందరికీ తెలుసు."