ధర్నాకు ముందు రాత్రి

తెల్లారితే పారిశుధ్య కార్మికుల ధర్నా. ముందుజాగ్రత్త అంటూ సాయంత్రమే పోలీసులు ప్రభుదాసును పాతబస్తీలోని ఇంటి నుంచి తీసుకెళ్లారు. భార్య సలోమి గడియ వేసుకుని, నిద్రపోతున్న కూతురి పక్కన మేలుకుని కూర్చుంది.

రాత్రి రెండింటికి తలుపు చప్పుడైంది.

"బండారి సలోమి, తలుపు తియ్యి. నేనే."

గొంతు భర్తదే. సలోమి లేచి వెళ్లి గడియ మీద చెయ్యి వేసింది. కానీ పదేళ్ల కాపురంలో అతను సలూ అన్నాడే తప్ప ఏనాడూ ఇంటిపేరుతో పిలవలేదు.

"నీతోని ఎవరన్న ఉన్నరా?"

"ఎవ్వరు లేరు. ధర్నాకొచ్చేటోళ్ల పేర్లు నీ ఫోన్ల ఉన్నయంట. తీస్కరా."

'ఉన్నయంట.' ఆమె చెయ్యి గడియ మీదే ఆగిపోయింది.

"నా దగ్గర ఏం లేవయ్యా."

బయట కాగితం మడత విప్పిన చప్పుడు. అదే గొంతు, ఎక్కడా తడబడకుండా, కూతురి బడి పేరు, తరగతి, బడి వదిలే సమయం చదవడం మొదలుపెట్టింది.