గూడు అల్లని గిజిగాడు

నొప్పి పూర్తిగా పోయాకే పనిలో దిగుతానని ముసుగుతన్ని పడుకున్నవాడా, లేచి కూర్చుని విను.

తొలకరి వానలకు గిజిగాళ్లంతా ఈతచెట్టు మీద గూళ్లు అల్లుతున్నారు. మగవాడు సగం గూడు అల్లితే, ఆడపిట్ట వచ్చి చూసి, నచ్చితేనే కాపురానికి ఒప్పుకుంటుంది. అది వాళ్ల ఆచారం.

ఒక కుర్ర గిజిగాడికి రెక్కలో తీరని సలుపు. తగ్గిందా లేదా అని రోజంతా ఆ రెక్కనే ముక్కుతో తడిమి చూసుకునేవాడు.

పక్క కొమ్మ మీద కుంటి మామ నాలుగు పోచలు అల్లి, మూలిగి, కాసేపు ఆగి, మళ్లీ అల్లుతున్నాడు.

"కాలినొప్పి పోయిందా మామా?"

"ఎక్కడికి పోతుందిరా? మూడేళ్లుగా నాతోనే ఉంది. దాన్ని పక్కన కూర్చోబెట్టుకునే అల్లుతున్నా. నువ్వూ రెండు పోచలు అల్లు."

"నీది వట్టి కాలు. నాది రెక్క మామా."

ఇంతలో ఆడపిట్ట వచ్చింది. "గూడేదయ్యా?"

"రెక్క బాగుపడనీ, మేడే కడతా."

"అందాకా గుడ్లు నోట్లో పెట్టుకుని తిరగనా?" అంటూ ఆమె కుంటి మామ వంకర గూట్లో దూరింది.

వానలు వెనకబట్టాయి. సలుపు తగ్గలేదు. చివరికి కుర్రాడు దానితోనే అల్లడానికి దిగాడు. కానీ అప్పటికి గడ్డి ఎండిపోయింది. ముక్కున పట్టిన ప్రతి పోచా పుటుక్కున విరిగింది. ఆ ఏడు వాడికి గూడూ లేదు, కాపురమూ లేదు.