దుబాసీ వచ్చాడు

కాలువ తూముకు రెండు తాళాలున్నాయి. ఒకటి ఏటికి ఉత్తరాన ఉన్న రొవిరా ఊరిది. రెండోది దక్షిణాన ఉన్న బెనిమోరా ఊరిది. రెండూ తీస్తేనే నీళ్ళు కదులుతాయి. జూలై వచ్చి పన్నెండు రోజులైంది. ఒక్కటీ తీయలేదు.

కాలువ చివర రెమెయ్ అనే వితంతువుకు నారింజ తోట ఉంది. వసంతంలో అంటుకట్టిన మొక్కలు మూడువందలు. ఆకులు ముడుచుకుపోయాయి. ఆదివారంలోగా నీళ్ళు పారకపోతే వాటిని పీకి పొయ్యిలో పెట్టుకోవలసిందే.

ఏట్లో నీళ్ళకు కొరత లేదు. చిక్కు భాషతో వచ్చింది. ఉత్తరాన మాట్లాడేది కటలాన్. దక్షిణాన మాట్లాడేది వాలెన్సియన్. నలభై అడుగుల వంతెన దాటగానే అవతలివాడి మాట ఒక్క ముక్క అర్థం కాదని రెండు ఊళ్ళ నీటి సంఘాలూ తీర్మానాలు చేశాయి.

"పోనీ స్పానిష్‌లో మాట్లాడుకోండి," అని రెండు సంఘాల ఉమ్మడి గుమస్తా ఉర్బానో ఒకసారి అన్నాడు. రెండు జట్లూ లేచి నిలబడ్డాయి. మా నీళ్ళ గురించి మాద్రిద్ భాషలో మాట్లాడాలా అని అరిచాయి. ఆ ఒక్క అరుపూ ఇద్దరికీ అర్థమైంది.

దుబాసీని పంపమని ఉర్బానో రెండు ప్రాంతాల రాజధానులకూ ఉత్తరాలు రాశాడు. నెలన్నర గడిచింది.

గురువారం నూనె మిల్లు హాల్లో మళ్ళీ సమావేశం. ఒకే బల్ల దగ్గర కూర్చుంటే లొంగిపోయినట్టు అవుతుంది. అందుకని రెండు జట్లూ హాలు రెండు కొసల్లో కుర్చీలు వేసుకున్నాయి. మధ్యలో ఖాళీ బల్ల. దాని మీద క్రితం సమావేశంలో మూగబోయిన మైకు.

పదిన్నరకు ఒకతను వచ్చాడు. భుజాన సంచీ, మెడలో హెడ్‌ఫోన్లు.

"పట్నం నుంచి వచ్చానండి. పిలిచారంట."

ఉర్బానో అతని చెయ్యి పట్టుకుని బల్ల దగ్గరకు లాక్కెళ్ళాడు. "దేవుడిలా వచ్చావయ్యా. వీళ్ళ మాట వాళ్ళకి చేరట్లేదు, వాళ్ళ మాట వీళ్ళకి చేరట్లేదు. చేర్చాలి, అంతే."

"అందుకేగా వచ్చింది."

అతను మైకును తిప్పి చూసి పక్కన పెట్టాడు. "ఇవాళ దీంతో అవ్వదండి."

"అయితే నోరు లేదా? నోటితో కానివ్వు. అవతల మొక్కలు చస్తున్నాయి."

అతను భుజాలెగరేసి బల్ల దగ్గర నిలబడ్డాడు.

రొవిరా సంఘం పెద్ద ఎర్మెంగోల్ లేచాడు. "దెమా తాళం తీస్తాం. మూడు రోజులు నీళ్ళు మాకు."

అవతలి కొసన బెనిమోరా పెద్ద బతీస్తె చెవి దగ్గర చెయ్యి పెట్టుకున్నాడు. "ఏంటంటాడు? ఏదో అరబ్బీ మాట్లాడుతున్నట్టుంది!"

మధ్యలో మనిషి అటు తిరిగాడు. "దెమా తాళం తీస్తాం. మూడు రోజులు నీళ్ళు మాకు."

దెమా అంటే రేపు. ఏటికి రెండు వైపులా అంతే.

"ఓహో, దెమానా! మరి అలా మనుషుల భాషలో ఏడవచ్చుగా," అన్నాడు బతీస్తె. "సరే. తర్వాత మూడు రోజులు మాకు. ఏడో రోజు చివరి పొలాలకి."

చెబుతూ బతీస్తె రెండుసార్లు దగ్గాడు. మధ్యలో మనిషి ఆ దగ్గులు వదిలేసి మిగతాదంతా ఎర్మెంగోల్‌కు చెప్పాడు.

ఎర్మెంగోల్ తల పంకించాడు. "శుభ్రమైన కటలాన్‌లో చెబితే మేం కాదంటామా?"

పదకొండున్నరకు కాఫీ. ఎర్మెంగోల్ చెల్లెల్నే బతీస్తె చేసుకున్నాడు. కాఫీ కుండ దగ్గర ఇద్దరూ భుజాలు రాసుకుంటూ నిలబడ్డారు.

"చెల్లాయి మోకాలు ఎలా ఉంది బావా?"

"మెట్లెక్కలేకపోతోంది బావా. నాటు వైద్యుడు ఏదో ఆకు కట్టాడు."

"వాడొక దొంగ. ఆస్పత్రికి తీసుకెళ్ళు."

కప్పులు దించి ఎవరి కొసకు వాళ్ళు వెళ్ళారు. కూర్చోగానే మళ్ళీ అర్థం కావడం మానేసింది.

రెమెయ్ బల్ల దగ్గరకు వచ్చి అతనికి రొట్టె ముక్క ఇచ్చింది. "ఈ విద్య ఎక్కడ నేర్చుకున్నావు నాయనా?"

"మా నాన్న దగ్గరమ్మా. ఆయన పెళ్ళిళ్ళలో చేసేవాడు."

"పెళ్ళిళ్ళకి కూడా పిలుస్తారా నిన్ను?"

"అక్కడే పని ఎక్కువ. అమ్మాయి వాళ్ళు అనేది అబ్బాయి వాళ్ళకి ఒక్క ముక్క వినబడదు."

ఒంటిగంటకు ఒప్పందం కుదిరింది. ఉర్బానో దాన్ని రెండు ప్రతులు రాశాడు. ఒకదాని నెత్తిన కటలాన్ అని, రెండోదాని నెత్తిన వాలెన్సియన్ అని. కింద ఉన్నదంతా అక్షరం పొల్లుపోకుండా ఒకటే. పెద్దలిద్దరూ సంతకాలు పెట్టి తాళంచెవులు బల్ల మీద ఉంచారు.

"దెమా దాకా ఎందుకు?" అంది రెమెయ్. రెండూ తీసుకుని తూము వైపు నడిచింది. ఆమెను ఆపడానికి ఎవరికీ భాష దొరకలేదు.

మూడింటికి నీళ్ళు నారింజ మొక్కలను తాకాయి.

హాల్లో పొగడ్తలు ఇంకా సాగుతున్నాయి. "ఇంత స్వచ్ఛమైన కటలాన్ ఈమధ్య వినలేదు," అన్నాడు ఎర్మెంగోల్.

"కటలానా, నీ మొహం! అది అచ్చ వాలెన్సియన్," అన్నాడు బతీస్తె.

ఇకమీదట ప్రతి సమావేశానికీ ఇతన్నే పిలవాలని రెండు సంఘాలూ చేతులెత్తాయి.

అతను సంచీ సర్దుకుని, ఉర్బానో చేత ఒక చీటీ మీద సంతకం పెట్టించుకుని, నకలు చేతిలో పెట్టి వెళ్ళిపోయాడు.

ఫైల్లో గుచ్చే ముందు ఉర్బానో ఆ నకలు చదివాడు: "మైకు మరమ్మతు: విడిభాగం లేక పని కాలేదు; ఆ పూటకు గుమస్తాగారి మాట మీద, ఒక కొసన అన్నదాన్ని రెండో కొసకు వినబడేలా ఉన్నదున్నట్టు అరిచాను."