దియోలిందా చేతి రొట్టెలు

"అప్పుడే ఆపేశావేం? ఇంకా పిసకాలి," అంది దియోలిందా.

జుల్మీరా ఆపింది అలసిపోయి కాదు, అనుమానం వచ్చి. చెక్క తొట్టిలో పిండి వేళ్లకు బంకలా అంటుకుపోతోంది. గుడ్లు ఎక్కువయ్యాయో, పాలు ఎక్కువయ్యాయో అంతు పట్టడం లేదు. ఇంకాస్త మైదా చల్లనా అని అత్తగారిని అడిగింది.

దియోలిందా పిండి వంక చూసింది. తలుపు తీసుకుని ముందు గదిలోకి వెళ్లిపోయింది. అక్కడ బల్ల మీద పూల మధ్య పవిత్రాత్మ పండగకు అందరూ మొక్కే వెండి కిరీటం ఉంది. ఈ ఏడు పండగ వంతు వాళ్లింటికి వచ్చింది మరి. ఆదివారం ఊరేగింపు కాగానే వీధిలో ప్రతి గడపకూ వాళ్లింటి నుంచే గుండ్రటి తీపి రొట్టెలు వెళ్లాలి.

కాసేపటికి తిరిగొచ్చి తలుపు మూసింది. "చల్లకు. చల్లావో, రేపటికి రాయే. ఆ బంక దానంతటదే వదులుతుంది, నువ్వు పిసుకుతూ ఉండు."

ఏ అనుమానం వచ్చినా కిరీటం ముందు మోకరిల్లి గానీ జవాబు చెప్పని ఆ భక్తికి జుల్మీరా మనసులోనే దణ్ణం పెట్టుకుంది.

దియోలిందా చేతి రొట్టెలంటే ఆ దీవిలో పడి చచ్చేవాళ్లున్నారు. అయితే ఆవిడ పిండి కలుపుతుండగా చూసినవాళ్లు మాత్రం లేరు. తొట్టి దించిందంటే వంటింటి తలుపు మూయాల్సిందే, కిటికీ తెర వేయాల్సిందే. పిండికి దిష్టి తగులుతుందట. సొంత చెల్లెళ్లనే గడప దాటనివ్వలేదు. దిష్టీ లేదు గిష్టీ లేదు, విద్య ఎక్కడ పంచాల్సి వస్తుందోనని పిసినారితనం అంటుంది పక్కింటి వితాలినా.

పోయిన వారం చెయ్యి బెణికిందని చెప్పి దియోలిందా మణికట్టుకు ఉన్నిగుడ్డ చుట్టుకుంది. దాంతో తొట్టి ముందు కోడలు నిలబడాల్సి వచ్చింది. జుల్మీరాది సముద్రం అవతలి లిస్బన్ నగరం. కాపురానికి వచ్చి ఏడాదైనా నిండలేదు. బజారు రొట్టె కొనుక్కు తినడమే తప్ప, ఒక్కటీ కాల్చి ఎరగదు. "లిస్బన్ పిల్ల చేతిలో పెట్టారా? అయితే ఈసారి పళ్లు జాగ్రత్త," అని వితాలినా అప్పుడే వీధంతా చాటింది. రొట్టె చెడితే ఇన్నేళ్ల ఇంటి పేరు మంటగలిసేది తన వల్లే. ఈ దీవిలో అలాంటివి ఎవరూ మర్చిపోరు.

మామగారు అమాన్సియో కుడిచేతిని కోటు జేబులో దూర్చుకుని ముందు గదిలో కిరీటానికి కాపలా కూర్చున్నాడు. ఆవులతో బతుకంతా గడిపిన మనిషి, మాట తక్కువ. ఒకసారి తలుపు సందులోంచి తొంగి చూడబోతే దియోలిందా కసిరింది. మగాడి చూపు పడితే పిండి పొంగదంది. ఆ ఊళ్లో మగాళ్లకు వంటింట్లో పనేమిటి? పెళ్లానికి జ్వరమొచ్చిన రోజున రొట్టె కాల్చిన మంగలిని వైన్ కొట్టు దగ్గర ఇప్పటికీ అందరూ 'అమ్మమ్మా' అనే పిలుస్తారు.

వెన్న ఎప్పుడు వెయ్యాలని అడిగింది జుల్మీరా. దియోలిందా మళ్లీ వెళ్లొచ్చింది. పంచదార పూర్తిగా కరిగాక, కొంచెం కొంచెంగా వెయ్యమంది. అలాగే వేసింది. ఇక పిసకడం చాలిందని ఎలా తెలుస్తుందని అడిగింది. ఈసారి దియోలిందా కాస్త ఆలస్యంగా వచ్చింది.

"పిడికిలితో గుద్ది చూడు. పాలు తాగిన దూడ పొట్ట తట్టినట్టు మోగాలి."

కొట్టం వాసనే గిట్టని అత్తగారి నోట దూడ మాట వినగానే జుల్మీరాకు నవ్వొచ్చింది. నవ్వుతూనే గుద్దింది. గుద్దగా గుద్దగా పిండి నున్నబడింది, వేళ్లను వదిలింది, చివరికి నిజంగానే మోగింది. ఇంత సూక్ష్మం ఈవిడకు ఎలా తెలిసిందా అని ఆశ్చర్యపోయింది.

పిండి మీద సిలువ గుర్తు వేసి, దుప్పటి కప్పారు. తొట్టిని వెచ్చటి మూలకు జరపాల్సి వస్తే దియోలిందా గుడ్డ చుట్టిన చేత్తోనే రెండో కొస పట్టుకుని ఎత్తింది. నొప్పిని పంటి బిగువున ఓర్చుకుంటోందనుకుని జుల్మీరా గుండె కరిగింది. తెల్లారేసరికి పిండి దుప్పటిని పైకి నెట్టేసింది. ఉండలు చేసి, గుడ్డుసొన పూసి పొయ్యిలో పెడితే ఇల్లంతా నిమ్మతొక్క వాసన.

పండగనాడు వితాలినా మొదటి రొట్టె తుంచి నోట్లో పెట్టుకుంది. వీధిలో సగం మంది ఆవిడ మొహమే చూస్తున్నారు. ఆవిడ రెండోది తీసి చేతిరుమాల్లో మూట కట్టుకుంది. ఆ తర్వాత, "ఉన్నమాట చెప్పుకోవాలి దియోలిందా, అచ్చం నీ చెయ్యే," అంది.

జుల్మీరాకు ఏడుపు ఆగలేదు. అమాన్సియో గోడవారన నిలబడి కళ్లు మూసుకుని చాలాసేపు నమిలాడు. వచ్చి ఎడమచేతిని కోడలి తల మీద పెట్టి, "ఇక నాకు దిగుల్లేదు," అన్నాడు. పెళ్లాం పేరు నిలబడినందుకు ఎంత సంబరమో అనుకుంది జుల్మీరా. ఇలాంటి మొగుడు దొరకడం అత్తగారి అదృష్టమనీ అనుకుంది.

జనం వెళ్లిపోయాక వంటింట్లో అత్తాకోడళ్లిద్దరే మిగిలారు.

"నేను నేర్చుకున్నది సగమే అత్తయ్యా," అంది జుల్మీరా. "చెయ్యి బాగయ్యాక ఒక్కసారి మీరు పిసుకుతుంటే పక్కన నిలబడి చూడాలనుంది. చూడనిస్తారా?"

దియోలిందా వెళ్లి వంటింటి తలుపు మూసొచ్చింది. తర్వాత గొంతు బాగా తగ్గించింది.

"బెణికింది నా చెయ్యి కాదే, మీ మామయ్యది."