పీఠం మీద పెద్దావిడ

తోవాన్ అగరొత్తులు వెలిగించాడు. దండం పెట్టబోయి ఆగిపోయాడు.

ఆడపెళ్ళివారి ఇంట్లో, పోయిన పెద్దల పీఠం మీద, పళ్ళకీ పువ్వులకీ మధ్య తన తల్లి ఉంది. బొగ్గుతో గీసిన బొమ్మ. అదే నడిపాపిడి, అవే సన్నటి పెదాలు, "నువ్వింక బాగుపడవురా" అన్నట్టు అదే చూపు. పొద్దున్నే బిలాక్సీ ఊళ్ళో ఆ చివరున్న తన ఇంట్లో సరిగ్గా ఇలాంటి బొమ్మకే దండం పెట్టుకుని, మనవడి తాంబూలాలకి బయల్దేరాడు.

"ఇదెవరండీ?" అన్నాడు.

"మా అత్తగారు," అంది పెళ్ళికూతురి మామ్మ హూంగ్. "మా ఆయన తల్లి."

"కాదండీ. ఈవిడ నన్ను కన్నతల్లి."

తాంబూలాల పళ్ళేలు మోసుకొచ్చిన పెళ్ళికొడుకు స్నేహితులు గుమ్మంలోనే నిలబడిపోయారు. కాల్చిన పందిని మోస్తున్న ఇద్దరూ దాన్ని ఎక్కడ దించాలో తెలియక చుట్టూ చూశారు.

సంబంధం కుదిర్చిన దియెన్ గబగబా ముందుకొచ్చాడు. రేవులో వలలు బాగుచేసుకునే ముసలాయన. వాళ్ళందరిలాగే ఆయనా దేశం వదిలి, పడవలో మలేషియా చేరి, అక్కణ్ణించి ఇక్కడికి వచ్చినవాడే. "ఆ వయసులో ఆడవాళ్ళందరూ ఒక్కలాగే ఉంటారన్నా. ముందు అగరొత్తులు గుచ్చు. పంది చల్లారిపోతోంది."

"నీకెప్పుడూ పంది తలకాయ గొడవే!" అన్నాడు తోవాన్.

సంబంధం కుదిర్చినవాడికి పంది తలకాయ ఇవ్వడం వాళ్ళ ఆనవాయితీ. అసలు ఊళ్ళో ఎవరింట్లో తద్దినమైనా పిలవకుండానే ముందు వచ్చేది దియెనే. తిండి కోసం మరీ అంతసేపు దండాలు పెట్టాలా అని అందరూ నవ్వుకునేవారు.

"చల్లారనీ," అన్నాడు తోవాన్. "ఈ పెళ్ళి జరగదు. వాళ్ళాయనకీ నాకూ తల్లి ఒక్కతే అయితే మేమిద్దరం అన్నదమ్ములం. మనవలు అన్నాచెల్లెళ్ళు. అలాంటి పెళ్ళి చేస్తే పైనున్న పెద్దలు ఊరుకుంటారా?"

పెళ్ళికొడుకు ఖాయ్ మొహం పాలిపోయింది. ఎర్ర బట్టల్లో ఉన్న పెళ్ళికూతురు ఉయెన్ లోపల్నించి పరుగెత్తుకొచ్చింది.

"ఆగండి," అంది హూంగ్. "మీ అమ్మ మిమ్మల్ని కంటూనే పోయిందన్నారుగా?"

"అవును. నేను ఆవిణ్ణి చూడనే లేదు."

"మా ఆయన మీకన్నా చిన్నవాడు. పోయినావిడ మళ్ళీ ఎలా కంది?"

తోవాన్ బుర్ర గోక్కున్నాడు. "పోలేదేమో. మా నాన్న పరువు కోసం అలా చెప్పాడేమో. మీ మామగారితో..."

"ఏం కూస్తున్నారు? మా అత్తగారు లేచిపోయిందంటారా? ఆవిడ ఎదురుగానే?"

"మా అమ్మని నేనేమైనా అంటాను. మీకెందుకు?"

"అయితే మీరు మా ఆయనకి తోడబుట్టినవారేగా! ఒక్క ఏడైనా తమ్ముడి తద్దినానికి వచ్చారా?"

"తమ్ముడున్నాడని ఇప్పుడేగా తెలిసింది!"

ఖాయ్ మధ్యలోకి వచ్చాడు. "మామ్మగారూ, ఈ బొమ్మ ఎక్కడిది?"

"ఎక్కడిదేమిటి? మా ఇంట్లోదే. పడవలో గుండెకి కట్టుకుని తెచ్చాను. సముద్రం దొంగలు బంగారమంతా ఊడ్చుకుపోయారు. అత్తగారిని మాత్రం ఇవ్వలేదు."

"నేనూ అంతే," అన్నాడు తోవాన్. "పడవలోకి నీళ్ళొస్తుంటే అమ్మని నెత్తిన పెట్టుకుని నిలబడ్డాను."

ముసలివాళ్ళంతా తలలూపారు. పెద్దల్ని వదిలేసి తన ప్రాణం మాత్రం తెచ్చుకున్నాడు అనిపించుకోవడం వాళ్ళలో చావుతో సమానం.

దియెన్ గొంతు తగ్గించాడు. "పిల్లల మొహాలు చూసి చెప్పండి. అవి నిజంగా ఇంటి నుంచి తెచ్చినవేనా?"

"అంటే నేను అబద్ధమాడుతున్నానా?" అన్నారు ఇద్దరూ ఒక్కసారే.

ఖాయ్ ఇక లాభం లేదని తాంబూలం పళ్ళెం ఎత్తాడు, వెనక్కి తీసుకుపోవడానికి. ఉయెన్ రెండో వైపు పట్టుకుంది.

"వదులు ఉయెన్."

"వదలను."

"నేను నీకు అన్ననట!"

"అన్నవైతే చెల్లెలి మాట విను. పళ్ళెం అక్కడ పెట్టు!"

లాగులాటలో వక్కలన్నీ నేల మీద దొర్లాయి. ఉయెన్ వాటి మధ్యే కూర్చుని ఏడ్చింది.

హూంగ్ మనవరాలి పక్కన కూలబడింది. "మలేషియాలో శరణార్థుల క్యాంపులో వేయించాను," అంది గోడకి చెబుతున్నట్టు. "మాకసలు బొమ్మే లేదు. అత్తగారిని నేనెన్నడూ చూడలేదు. చూసిన మా ఆయన సముద్రంలో పోయాడు. బొమ్మ లేకపోతే ఆయన తరఫున దండం ఎవరికి పెట్టను? ఆయన ఎప్పుడో చెప్పిన గుర్తులు చెప్పాను, గుండ్రటి మొహం, పెద్ద చెవులు అని."

అందరూ బొమ్మ వైపు చూశారు. కోల మొహం. చెవులు జుట్టు కింద ఉన్నాయి.

"కాఫీ అమ్మే ఆవిడకి గుర్తులు చెబితే మర్నాడు బొమ్మ తెచ్చిచ్చేది. గీసేవాడు ఎవరో నేను చూడలేదు. అందుకు మాకు తిండికిచ్చే చేపల డబ్బాలు రెండు తీసుకుంది."

తోవాన్ ఒక్క గంతేశాడు. "రెండేనా? నా దగ్గర మూడు తీసుకుంది!"

అని నాలుక కరుచుకున్నాడు. అప్పటికే ఆలస్యమైంది. గదంతా ఘొల్లున నవ్వింది.

ఉయెన్ కళ్ళు తుడుచుకుంది. "అంటే మనం ఒకరికొకరం ఏమీ కామా?"

"ఏమీ కాము!" అని అరిచాడు ఖాయ్, అంతకన్నా మంచి మాట లేనట్టు.

పందిని దించారు. టీ పోశారు. తోవాన్‌కి మాత్రం కోపం దిగలేదు. "అమ్మకి బుగ్గన సొట్ట ఉండేదని నాన్న చెప్పేవాడు. అదీ చెప్పానుగా, సొట్టేదీ? ఒక్క మొహమే గీసి క్యాంపంతా అమ్ముకున్నాడు వెధవ! ఎవరో దారినపోయే ముసల్దానికి ఇన్నేళ్ళు కోడీ అన్నం పెట్టాను."

"నేనూ పెట్టాను," అంది హూంగ్. "తీసి చెత్తలో పారేయండి."

తోవాన్ బొమ్మ మీద చెయ్యి వేశాడు. దియెన్ వచ్చి పీఠానికి అడ్డంగా నిలబడ్డాడు.

"ఉండనీ అన్నా."

"ఎందుకుండాలి? మాకేమీ కాదు. మీకేమీ కాదు. అసలెవరయ్యా ఈవిడ?"

దియెన్ తల వంచుకున్నాడు.

"మా అమ్మ."